ట్రెయిలర్ టాయిలెట్ గాస్కెట్ మార్పిడి: పని డైరీ

సమస్య ఏంటంటే, రాత్రి పడుకునే ముందు టాయిలెట్ బౌల్లో రెండు అంగుళాల నీళ్లు వదిలితే తెల్లారేసరికి చుక్క మిగలడం లేదు. నీళ్లు పోగానే వాసన మొదలు. ఇంట్లో కమోడ్‌కి అయితే కింద వంకర గొట్టం ఉంటుంది, అందులో ఎప్పుడూ నీళ్లు నిలిచే ఉంటాయి, కాబట్టి డ్రైనేజీ గాలి పైకి రాదు. ఆర్వీలో, అంటే మా ట్రెయిలర్ లాంటి ప్రయాణాల బండి ఇంట్లో, ఆ వంకర ఉండదు. బౌల్ అడుగున ఒక అరగోళం బంతి, ఆ బంతికి ఆనుకుని నీళ్లు కారకుండా పట్టే ఒక రబ్బరు రింగు, అదే గాస్కెట్, దాని కింద నేరుగా మూడంగుళాల గొట్టం, గొట్టం కింద బ్లాక్ ట్యాంక్. మలమూత్రాలన్నీ నిలవుండే ట్యాంకుకీ మనం పళ్లు తోముకునే చోటుకీ మధ్య అడ్డం ఆ రబ్బరూ, దాని మీద నిలిచే కాసిని నీళ్లూ. అంతే. నీళ్లు జారిపోతే ట్యాంకులో గాలంతా లోపలికే.

మా ట్రెయిలర్ 2017 మోడల్, సెకండ్ హ్యాండ్‌లో కొన్నాం. ఉండేది ఆస్టిన్ దగ్గర. ఇంటి ముందు ట్రెయిలర్ పెట్టుకోవడానికి మా కాలనీ అసోసియేషన్ ఒప్పుకోదు కాబట్టి ఊరి బయట ఒక స్టోరేజీ లాట్‌లో ఉంచుతాం. టాయిలెట్ డొమెటిక్ కంపెనీది, 310 మోడల్, పింగాణీ బౌల్, కాలితో తొక్కే పెడల్. సగం తొక్కితే బౌల్లోకి నీళ్లు వస్తాయి, పూర్తిగా తొక్కితే బంతి పక్కకి తిరిగి దారి ఇస్తుంది. రబ్బరు అరగడంలో వింతేమీ లేదు. ఏ కంపెనీ టాయిలెట్ అయినా కొన్నేళ్లకి ఈ గాస్కెట్ మార్చాల్సిందే, టైర్లు మార్చినట్టు. మాదైతే పాత ఓనరు దగ్గర చాలాకాలం కదలకుండా ఎండలో పడి ఉంది. టెక్సస్ ఎండాకాలంలో మూసిన ట్రెయిలర్ లోపల ఎంత వేడి ఉంటుందో తెలుసుగా, బౌల్లో నీళ్లు ఆవిరైపోతాయి, పొడి రబ్బరు గట్టిపడిపోతుంది.

సర్వీసు వాళ్లని అడిగితే, టాయిలెట్ మొత్తం మార్చేద్దాం, వరుసలో మీ వంతు రావడానికి కొన్ని వారాలు పడుతుంది అన్నారు. గంటకి వాళ్లు తీసుకునే లేబర్ చార్జీ విన్నాక నేనే చేద్దామని నిర్ణయం అయిపోయింది. గాస్కెట్ కిట్ ఖరీదు పాతిక ముప్పై డాలర్ల మధ్య. ఎవరైనా ఇదే లెక్క వేస్తారు.

గురువారం రాత్రి: నిజంగా గాస్కెట్టేనా?

ఆర్డర్ పెట్టే ముందు ఇది తేల్చుకోవాలి. టాయిలెట్ దగ్గర నీళ్ల తేడా అంటే అన్నీ ఒకటి కాదు. బౌల్లో నీళ్లు చప్పుడు లేకుండా తగ్గిపోయి, నేల మాత్రం పొడిగా ఉంటే అవి ట్యాంకులోకే పోతున్నాయి, అంటే బౌల్ గాస్కెట్ సంగతి. ఫ్లష్ చేసినప్పుడు మాత్రమే నేల మీద తడి కనిపిస్తే బౌల్ వెనక ఉండే వాక్యూమ్ బ్రేకర్‌నో (మురికి నీళ్లు మంచినీళ్ల గొట్టంలోకి వెనక్కి పోకుండా ఆపే భాగం), టాయిలెట్ అడుగున నేలకి ఆనే పెద్ద సీల్‌నో అనుమానించాలి. ఎవరూ తొక్కకపోయినా వెనక తడి ఆరకుండా ఉంటే నీళ్ల వాల్వు. 2021 ఫిబ్రవరిలో టెక్సస్ గడ్డకట్టుకుపోయినప్పుడు గొట్టాల్లో నీళ్లు ఖాళీ చేయకుండా వదిలేసిన ట్రెయిలర్లలో ముందు పగిలేవి ఇలాంటి ప్లాస్టిక్ వాల్వులే. సెకండ్ హ్యాండ్ కొనేవాళ్లు ఆ మూల ఒకసారి చెయ్యి పెట్టి చూడటం మంచిది. మాది చూశాను, ఎముకలా పొడిగా ఉంది.

కాబట్టి బౌల్లో నీళ్లు వదిలి, నీటి మట్టం దగ్గర స్కెచ్ పెన్నుతో చిన్న గీత పెట్టాను. పింగాణీ మీద గీత తర్వాత తుడిస్తే పోతుంది. గంట తిరిగేసరికే గీతకీ నీటికీ మధ్య బొటనవేలు పట్టేంత ఖాళీ.

మా నాన్న ఇప్పుడు ఇక్కడే ఉన్నారు, పిడుగురాళ్ల నుంచి వచ్చి. తలుపు దగ్గర నిలబడి చూసి, "వాషర్ పోయిందిరా. ఇంత దానికి గీతలెందుకు, మార్చెయ్" అన్నారు. అంతలోనే, "ముందు దాని అంచు కడిగి చూడు. మన బోరు నీళ్లకి కుళాయి వాషర్లు పోయాయంటారు గానీ సగం వాటికి సున్నం పట్టడమేగా" అని మళ్లీ ఆయనే అన్నారు. ఆ రెండో మాట బంగారం. సున్నం బట్టీల ఊళ్లో పుట్టినవాడికి నీళ్లలో సున్నం సంగతి ఎవరూ కొత్తగా చెప్పక్కర్లేదు. ఇక్కడ టెక్సస్ హిల్ కంట్రీ కూడా సున్నపురాయి నేలే. ఆస్టిన్ పడమట, దక్షిణాన క్యాంప్‌గ్రౌండ్లలో చాలాచోట్ల వచ్చేది బావి నీళ్లు. స్టీలు గ్లాసు కడిగి బోర్లిస్తే ఆరిన చోట తెల్ల మచ్చలు మిగులుతాయి.

పెడల్ పూర్తిగా తొక్కి పట్టుకుని టార్చి వేసి చూశాను. గాస్కెట్ లోపలి అంచు పొడుగునా తెల్లటి గరుకు. పాత టూత్‌బ్రష్‌తో చుట్టూ తోమి, అంచు కింద ఇరుక్కున్న కాగితం పీలికలు తీసేసి మళ్లీ నీళ్లు నింపాను. ఈసారి కాస్త నెమ్మదించింది గానీ ఆగలేదు. రబ్బరుని వేలితో నొక్కితే మెత్తగా దిగాలి, ఇది దిగడం లేదు. వెనక వైపు అంచులో గోటితో గిల్లినట్టు చిన్న చీలిక కూడా తగిలింది. ఇక సందేహం లేదు, కిట్ ఆర్డర్ పెట్టేశాను.

చాలామంది ఈ కడిగే పరీక్ష చేయకుండా నేరుగా కిట్ కొనేస్తారు. కడిగి చూడటానికి ఖర్చయ్యేది ఒక పాత బ్రష్, పావుగంట. కొందరికి దాంతోనే పని అయిపోతుంది.

కిట్ గురించి

300, 310, 320 మోడళ్లకి పడే కిట్ నంబరు 385311658. టాయిలెట్ మీద స్టిక్కర్ ఉంటుంది, అది చూసి మోడల్ రాసుకుని దాని ప్రకారమే కొనాలి. 'అన్నిటికీ సరిపోతుంది' అని అమ్మేవాటి జోలికి నేను పోలేదు. ఈ 300 వరసలో ఒక పెద్ద సుఖం ఏంటంటే టాయిలెట్‌ని నేల నుంచి ఊడదీయక్కర్లేదు, గాస్కెట్ పైనుంచే బౌల్లో చెయ్యి పెట్టి మార్చుకోవచ్చు. అన్ని టాయిలెట్లూ ఇలా ఉండవు. కొన్నిటికి నీళ్ల గొట్టం విప్పి, నేలకి బిగించిన రెండు బోల్టులూ తీసి, టాయిలెట్ మొత్తం ఎత్తి తిరగేస్తే తప్ప సీల్ చేతికి రాదు, అలాంటప్పుడు నేల సీల్ కూడా కొత్తది వేయాలి. మీది ఏ రకమో ముందే చూసుకుంటే పని మధ్యలో స్టోరుకి పరిగెత్తే బాధ తప్పుతుంది. యూరప్‌లో ఉన్నవాళ్ల క్యాంపర్‌వ్యాన్లలో ఎక్కువగా ఉండే క్యాసెట్ టాయిలెట్ అయితే లెక్కే వేరు. క్యాసెట్ అంటే ఊడి వచ్చే చిన్న ట్యాంకు, దాన్ని బయట తలుపులోంచి లాగేసుకుంటారు, సీల్ ఆ క్యాసెట్ మీదే ఉంటుంది. తోటలో కూర్చుని మార్చుకోవచ్చు, అదృష్టవంతులు.

శనివారం ఉదయం: ముందు ట్యాంక్

ఈ పనిలో అసలు కష్టం గాస్కెట్ కాదు, దాని కింద ఉన్నది. ట్యాంక్ నిండుగా ఉండగా బంతి తెరిచి బౌల్లో మొహం పెట్టి పని చేయడం ఎవరి వల్లా కాదు. వాసన సంగతి సరే, ఆ గాలిలో హైడ్రోజన్ సల్ఫైడ్ ఉంటుంది, మీథేన్ ఉంటుంది. హైడ్రోజన్ సల్ఫైడ్‌తో ఇంకో తంటా, మోతాదు పెరిగితే ముక్కు దాని వాసన పట్టడం మానేస్తుంది, అలవాటైపోయిందిలే అనుకుంటాం. కిటికీలన్నీ తీసిపెట్టుకోవాలి, దగ్గరలో పొయ్యి గానీ సిగరెట్ గానీ ఉండకూడదు.

ఇంకోటి, బాత్రూమ్ కప్పులో ఉన్న ఎగ్జాస్ట్ ఫ్యాన్ ఆపేయాలి. వాసన వస్తోంది కదా అని అందరూ ముందు దాన్నే వేస్తారు, అది సరిగ్గా తలకిందులు పని. ఫ్యాన్ గదిలో గాలిని బయటికి లాగుతుంది, ఆ లోటు పూడ్చడానికి ఎక్కణ్నుంచో గాలి రావాలి, బాత్రూమ్ తలుపు వేసి ఉండి కింద బంతి తెరిచి ఉంటే ట్యాంక్ గాలి పైకి లేచి వస్తుంది. ట్యాంకుకి రూఫ్ మీదికి ఒక వెంట్ పైపు ఉంటుంది, మామూలుగా ఆ గాలి అటే పోవాలి, ఫ్యాన్ దాన్ని ఇటు తిప్పుతుంది. ఇప్పటికీ మా ఇంట్లో రూలు ఇదే, ఫ్లష్ తొక్కేటప్పుడు ఫ్యాన్ ఆఫ్, పెడల్ వదిలాక ఆన్.

ట్యాంక్ ఖాళీ చేయడానికి డంప్ స్టేషన్‌కి వెళ్లాం. బ్లాక్ ట్యాంక్ 30 గ్యాలన్లు, అంటే దాదాపు 113 లీటర్లు. వరస తప్పకూడదు, ముందు బ్లాక్, తర్వాత గ్రే. గ్రే ట్యాంకులో ఉండేది స్నానం, సింకు నీళ్లు, అవి తర్వాత వదిలితే పైపు లోపల కడిగినట్టవుతుంది. ఖాళీ అయ్యాక మళ్లీ బౌల్లోంచి బకెట్లతో నీళ్లు పోసి వదలడం, పోసి వదలడం, పైపుకున్న పారదర్శకమైన ముక్కలో కనిపించే నీళ్లు తేటపడేదాకా.

ఇక్కడ మనవాళ్లకి ఒక లాభం ఉంది, ఎవరూ గుర్తించరు. ఇక్కడి వాళ్ల ట్యాంకులతో వచ్చే పెద్ద తలనొప్పి కాగితం. నీళ్లు పొదుపుగా వాడి, కాగితం ఎక్కువ వేస్తే బంతి కింద సరిగ్గా గొట్టం దిగే చోట గుట్టగా పేరుకుని రాయిలా అయిపోతుంది. మనం మగ్గుతోనో స్ప్రేతోనో నీళ్లు పోస్తాం, కాగితం తక్కువ. ట్యాంక్ తొందరగా నిండే మాట నిజమే, నలుగురు ఉంటే వారం ఆగాల్సింది మూడు నాలుగు రోజుల్లోనే డంప్ స్టేషన్ వెతుక్కోవాల్సి వస్తుంది, కానీ నిండినదంతా ధారగా దిగిపోతుంది. మా ట్యాంక్ అంత త్వరగా తేటపడటానికి కారణం ఇదే అనుకుంటున్నా.

శనివారం మధ్యాహ్నం: ఊడదీయడం

దగ్గర పెట్టుకున్నవి: మోచేతి దాకా వచ్చే రబ్బరు గ్లవుజులు, తలకి కట్టుకునే లైటు, పాత టూత్‌బ్రష్‌లు, గడువైపోయిన ప్లాస్టిక్ కార్డు, తెల్ల వెనిగర్, నిమ్మ ఉప్పు, పేపర్ టవల్స్, చెత్తకి మందపాటి సంచి, పెడల్ తొక్కి పట్టడానికి ఒక చెక్క ముక్క, చివరగా సిలికాన్ గ్రీజు. కొళాయి పనులకి వాడే పారదర్శకమైన గ్రీజు చిన్న డబ్బీలో దొరుకుతుంది.

ముందు బయట నీళ్ల గొట్టం పీకేసి, లోపల పంపు ఆపేసి, పెడల్ ఒకసారి తొక్కి గొట్టంలో మిగిలిన ఒత్తిడి వదిలించాను. ఇది చేయకపోతే తర్వాత పెడల్ తొక్కిపెట్టినంతసేపూ మొహం మీద నీళ్లే. పెడల్‌ని కిందికి నొక్కి చెక్క ముక్క అడ్డం పెట్టాను. బంతి పక్కకి తిరిగిపోయి గొట్టం నోరు తెరుచుకుంది.

ఆ నోట్లోకి ఏమీ జారిపోకూడదు. ట్యాంకులో పడ్డ వస్తువు తీసే దారి లేదు, పడ్డది వెళ్లి ట్యాంక్ ఖాళీ చేసే డంప్ వాల్వులో ఇరుక్కుందంటే ఇంకో పెద్ద రిపేరు. ఒక పాత తువ్వాలు ఉండలా చుట్టి, దానికి తాడు కట్టి గొట్టంలో కుక్కి, తాడు రెండో కొస తలుపు గడియకి కట్టేశాను. వాసనా ఆగింది, కంగారూ తగ్గింది. ఉంగరం, వాచీ ముందే తీసి నాన్న చేతికిచ్చాను.

పాత గాస్కెట్ ఎలా కూర్చుని ఉందో ఫోన్లో ఫోటోలు తీసుకున్నాను, ముఖ్యంగా ఏ అంచు పైకి ఉంది, ఏది కిందికి ఉంది అన్నది. తర్వాత లోపలి అంచు కింద వేళ్లు దూర్చి పైకి లాగడం. కొత్తగా ఉన్న రబ్బరు అయితే సాగి ఊడి వస్తుందట. ఇది సాగలేదు. ఒక చోట పట్టు దొరికాక బలంగా లాగితే చప్పుడు చేస్తూ వెనక చీలిక దగ్గర్నుంచి తెగి సగం చేతికొచ్చింది, మిగతా సగం ప్లాస్టిక్ కార్డు మూలతో మెల్లగా ఎత్తుకుంటూ తీయాల్సొచ్చింది. స్క్రూడ్రైవర్ వాడటానికి చెయ్యి లాగింది గానీ ఆగాను. పింగాణీకీ కింది ప్లాస్టిక్‌కీ మధ్య గాడిలో ఒక్క గీత పడినా కొత్త గాస్కెట్ ఎంత మంచిదైనా ఆ గీతలోంచి నీళ్లు పోతూనే ఉంటాయి.

బయటికొచ్చినదాని అంచు వంచి చూస్తే పటుక్కున విరిగింది. అంచు మీద పలుచని తెల్ల పొర, గీజర్ కాయిల్ మీద పేరుకునేదే, గోటితో గీకితే పొడి రాలింది. రబ్బరు లోపలి వైపు ఇంకా నల్లగా, కొంచెం మెత్తగానే ఉంది. చెడిపోయింది నీళ్లు తాకి ఆరే అంచు ఒక్కటే, మహా అయితే మిల్లీమీటరు మందం. అక్కడే మొత్తం కథ.

గాడి శుభ్రం చేయడం (ఎక్కువ సేపు పట్టింది దీనికే)

కొత్త గాస్కెట్ చేతిలో ఉంటే వెంటనే నొక్కేయాలనిపిస్తుంది. ఆగాలి. గాస్కెట్ కూర్చునే గాడిని వేలితో చుట్టూ తడిమాను. ముందు వైపు నున్నగా ఉంది, వెనక వైపు ఇసుక కాగితంలా గరుకు. వెనకే ఎందుకంటే నీళ్లు అటు నుంచి దిగుతాయి, ట్రెయిలర్ ఆగి ఉన్నప్పుడు కాస్త వెనక్కి వాలి ఉంటే చివరి చుక్కలు అక్కడే ఆరతాయి.

పేపర్ టవల్ పొడుగ్గా మెలిపెట్టి, వెనిగర్‌లో ముంచి, గాడి పొడుగునా చుట్టు తిప్పి పెట్టాను. కాసేపటికి చిన్న చిన్న బుడగలు. వెనిగర్‌లో ఉండేది 5 శాతం ఎసిటిక్ యాసిడ్, సున్నాన్ని అది కరిగిస్తుంది, ఆ బుడగలు కార్బన్ డయాక్సైడ్. అరగంట తర్వాత తీసి బ్రష్‌తో తోమితే చాలావరకు ఊడింది. మిగిలిన మొండి మచ్చలకి నిమ్మ ఉప్పు పని చేసింది. ఇండియన్ స్టోర్లో పులిహోరకని తెచ్చుకునే సిట్రిక్ యాసిడే, గోరువెచ్చని నీళ్లలో రెండు చెంచాలు కలిపి అదే పద్ధతిలో టవల్‌తో పెట్టాను. వెనిగర్ ఘాటు లేకుండా అదే పని ఇంకా చురుగ్గా చేస్తుంది. మొదటి నుంచీ ఇదే వాడి ఉంటే సరిపోయేది.

ఇంట్లో హార్పిక్ లాంటివి వాడే అలవాటున్నవాళ్లకి ఒక మాట. అందులో ఉండేది హైడ్రోక్లోరిక్ యాసిడ్. ఇంటి కమోడ్‌లో పింగాణీ మాత్రమే తగులుతుంది, ఇక్కడ రబ్బరూ ప్లాస్టిక్కూ స్ప్రింగులూ అన్నీ తగులుతాయి, పోయొద్దు. బ్లీచ్ అసలే వద్దు. ఒకటి, రబ్బరుని ఎండబెట్టేస్తుంది. రెండు, మూత్రంలోని అమ్మోనియాతో కలిస్తే క్లోరమైన్ గాలి, వెనిగర్‌తో కలిస్తే క్లోరిన్ గాలి వస్తాయి. మంచం వెడల్పు కూడా లేని బాత్రూమ్‌లో వీటితో ఆటలొద్దు.

చివర్లో మంచి నీళ్లతో తుడిచి, పొడి గుడ్డతో ఆరబెట్టి, మళ్లీ వేలితో చుట్టూ తడిమాను. ఎక్కడా తగలకూడదు, తగల్లేదు.

కొత్తది ఎక్కించడం

కిట్‌లో వచ్చిన గాస్కెట్ పెట్టెలో నలిగి ఒక వైపు వంపు తిరిగి ఉంది. వేడి నీళ్ల గిన్నెలో కాసేపు వేస్తే మెత్తబడి గుండ్రంగా అయింది. మరిగే నీళ్లు కాదు, చెయ్యి పట్టేంత వేడి. తుడిచి, ఫోటోలో ఉన్నట్టే పైకి కిందికి సరిచూసుకుని, వెనక వైపు నుంచి మొదలుపెట్టాను. చెయ్యి అందనిది అదే కాబట్టి ముందు దాన్ని గాడిలో దూర్చేసి, రెండు బొటనవేళ్లతో చెరో పక్క నుంచీ ముందుకి నొక్కుకుంటూ రావడం. చివరికి ముందు వైపు కాస్త రబ్బరు ఉబ్బి మిగిలిపోతుంది, ఎక్కువైందేమో అనిపిస్తుంది. ఎక్కువ కాదు. ఆ ఉబ్బుని మధ్యలో నొక్కి రెండు వైపులకీ సర్దితే టప్పున లోపలికి దిగుతుంది. దిగినట్టు చేతికే తెలుస్తుంది. తర్వాత మళ్లీ ఒక చుట్టు నొక్కి, అంచు అన్ని చోట్లా ఒకే ఎత్తులో ఉందో లేదో లైటు వేసి చూశాను.

గ్రీజు దగ్గర నాన్నతో చిన్న వాదన. "కొబ్బరి నూనె చుక్క రాయి, పోయేదానికి అంతంత డబ్బాలెందుకు" అని ఆయన. మోటారు పంపుల దగ్గర ఆయన పద్ధతి అదే. నూనె కొన్నాళ్లకి జిగురుగా మారి కాగితం పీచూ మురికీ పట్టేస్తుంది, పైగా కొబ్బరి నూనె చలికాలంలో గడ్డ కడుతుంది. వాజెలిన్ రాసేవాళ్లూ ఉన్నారు, అది పెట్రోలియం సరుకు, చాలా రకాల రబ్బరు దానికి ఉబ్బిపోయి ఆకారం పోతుంది. "నీ ఇష్టం" అన్నారు గానీ, డబ్బీ తీసి వాసన చూసి "దీనికి వాసనే లేదేరా" అని ఆశ్చర్యపోయారు. అదే దాని గొప్పతనం నాన్నా అన్నాను. సిలికాన్ గ్రీజు వేలి కొనకి తీసుకుని అంచు మీద పలచగా, కనిపించీ కనిపించనంత రాశాను.

తాడు పట్టుకుని తువ్వాలు బయటికి లాగి నేరుగా చెత్త సంచిలో వేసి, చెక్క ముక్క తీసి, పెడల్‌ని చేత్తో పట్టుకుని నెమ్మదిగా వదిలాను. బంతి కొత్త అంచు కిందికి కాస్త బిగువుగా వచ్చి ఆగింది. మొదట్లో పెడల్ గట్టిగా ఉంటుంది, వాడగా వాడగా సర్దుకుంటుంది.

శనివారం రాత్రి, ఆదివారం: ఇంకా తగ్గుతోంది!

పంపు వేసి, నీళ్లు నింపి, గీత పెట్టాం. ఒక గంటకి గీత మీదే ఉంది. పడుకునే ముందూ గీత మీదే. పొద్దున్నే చూస్తే అరంగుళం తక్కువ.

పాతదానితో పోలిస్తే ఇది ఎంతో మెరుగే, కానీ కొత్త గాస్కెట్‌కి ఒక్క చుక్క కూడా పోకూడదు. కొంచెం టెన్షన్ వచ్చింది, పింగాణీకి సన్న పగులు గానీ ఉందేమోనని. మళ్లీ నీళ్లు ఆపి, పెడల్ తొక్కి చెక్క పెట్టి చూశాను. గాస్కెట్ చుట్టూ సరిగ్గానే కూర్చుంది, ఎక్కడా లేవలేదు. అప్పుడు పెడల్‌ని సగం వరకు వదిలి బంతిని చూస్తే విషయం తెలిసింది. బంతి మధ్యలో నున్నగా మెరుస్తోంది, కానీ మూసినప్పుడు గాస్కెట్ అంచు ఆనే చోట చుట్టూ ఒక సన్నటి తెల్ల వలయం. పాత రబ్బరు ఎన్నో ఏళ్లు ఆనిన చోటే సున్నం గట్టుగా పేరుకుంది. బంతి పూర్తిగా తెరిచినప్పుడు ఈ అంచు గొట్టం పక్కకి వెళ్లి దాక్కుంటుంది కాబట్టి ముందు రోజు కంటికి కనపడలేదు. కొత్త రబ్బరు మెత్తగా ఉన్నా ఆ గట్టు మీద కూర్చుని పక్కల్లో వెంట్రుకవాసి సందు వదులుతోంది.

నిమ్మ ఉప్పు నీళ్లలో ముంచిన టవల్ బంతి మీద పరిచి గంటసేపు వదిలేశాను. బంతి మూసి ఉన్నప్పుడు బౌల్లోనే కాసిని నిమ్మ ఉప్పు నీళ్లు పోసి ఉంచినా పని జరుగుతుంది, పైగా సుఖం. తర్వాత పెడల్ కొద్దికొద్దిగా కదుపుతూ, బంతి అంచు కనిపించిన చోటల్లా బ్రష్‌తో, ప్లాస్టిక్ కార్డు అంచుతో తోమడం. స్టీలు పీచు వాడకూడదు, బంతి మీద గీతలు పడతాయి. రెండు విడతలు పట్టింది ఆ వలయం పూర్తిగా పోవడానికి. కడిగి, ఆరబెట్టి, బంతి మీద కూడా గ్రీజు పలచగా పూశాను.

ఇది చదివి పని మొదలుపెట్టేవాళ్లు బంతిని కూడా గాడితో పాటే ముందే తోమేయండి. కొత్త గాస్కెట్ వేసినా నీళ్లు నిలవడం లేదని, కిట్ నాసిరకమని, ఇంకో కిట్ కొని మళ్లీ అదే చేసేవాళ్లు ఉంటారు. రబ్బరు కొత్తదే, ఆనే చోటు పాతది.

సోమవారం ఉదయం నీళ్లు గీత మీద. ఆ సాయంత్రం కూడా గీత మీదే. అప్పుడు గీత తుడిచేశాను.

ఇంక్స్ లేక్ దగ్గర

రోడ్డు మీద కుదుపులకి నిలుస్తుందో లేదో చూడాలని తర్వాతి వారాంతం ఇంక్స్ లేక్ స్టేట్ పార్కుకి తీసుకెళ్లాం, ఇంటి నుంచి దగ్గరే. బయల్దేరే ముందు బ్లాక్ ట్యాంకులో రెండు మూడు గ్యాలన్ల నీళ్లు పోశాను. ఖాళీ ట్యాంకుతో వాడకం మొదలుపెడితే పడింది పడినట్టు అడుగున అంటుకుపోతుంది, నీళ్లుంటే కుదుపులకి కలిసిపోతుంది. బౌల్లో మాత్రం ప్రయాణంలో నీళ్లు తక్కువే ఉంచాలి, లేకపోతే మలుపుల్లో చిమ్ముతాయి.

పార్కులో దిగి చూస్తే ఉంచిన నీళ్లు ఉంచినట్టే ఉన్నాయి. మధ్యాహ్నం ఎండలో తలుపులు మూసి, సరస్సు ఒడ్డున గులాబీ రంగు రాళ్ల మీద పిల్లలతో తిరిగి వచ్చి తలుపు తీస్తే వాసన లేదు. మా ఆవిడ లోపల పెసరట్లు పోసింది. ఇంతకు ముందు ఆ బాత్రూమ్ తలుపు పక్కన పొయ్యి వెలిగించనని ఒట్టు పెట్టుకుని బయట స్టవ్ మీదే వండేది. అల్లం పచ్చిమిర్చి వాసన తప్ప ఇంకేమీ రాలేదు, గెలిచాం.

ఇక మీద చేయబోయేవి

పెడల్ వదిలే ముందు ఇంకో రెండు మూడు సెకన్లు నీళ్లు పారనివ్వాలి, అప్పుడే అంచు మీద కాగితం పీచు మిగలదు. పిల్లలకి చెప్పాను, వింటారో లేదో. ప్రతి ట్రిప్పు తర్వాత బౌల్లో చెంచాడు నిమ్మ ఉప్పు కలిపిన నీళ్లు ఓ గంట ఉంచి వదిలేయడం, సున్నం గట్టిపడకముందే పోతుంది. నెలల తరబడి స్టోరేజీలో పెట్టేటప్పుడు బౌల్ పొడిగా వదలకుండా గులాబీ రంగు ఆర్వీ యాంటీఫ్రీజ్ కాస్త పోసి ఉంచుతాను. నేను వాడేది ప్రొపిలీన్ గ్లైకాల్ రకం, నీళ్లంత తొందరగా ఆవిరైపోదు, రబ్బరు తడిగా ఉంటుంది, చలికాలంలో గడ్డకట్టి దేన్నీ పగలగొట్టదు. కార్ల రేడియేటర్లలో పోసే ఎథిలీన్ గ్లైకాల్ రకం విషం, రెండూ యాంటీఫ్రీజే కదా అని అది పోయకూడదు. క్యాంప్‌గ్రౌండ్ కొళాయికీ మన గొట్టానికీ మధ్య పెట్టే, నీళ్లలో సున్నం తగ్గించే చిన్న వాటర్ సాఫ్ట్‌నర్ కొనాలా వద్దా అన్నది ఇంకా తేల్చుకోలేదు. దానికి మధ్య మధ్యలో ఉప్పు పోసి కడగాలి, ఆ ఓపిక మా ఇంట్లో ఎవరికుందో చూడాలి.

ఇంకో కిట్ కూడా కొని సింకు కింద సొరుగులో పడేశాను, గ్రీజు డబ్బీ దాంతోనే ఉంది. వచ్చే వారం రూఫ్ ఎక్కి వెంట్ పైపు మూత చూడాలి. అందులో కందిరీగలు గూడు పెట్టి ఉంటే ట్యాంక్ గాలికి పైదారి ఉండదు, పెడల్ తొక్కినప్పుడల్లా గాలి బౌల్లోంచే పైకి తంతుంది, దానికి ఈ గాస్కెట్ ఏమీ చేయలేదు. నిచ్చెన నాన్న పట్టుకుంటానన్నారు.